మ్యాప్ ఎక్కడ ఆగింది?

అందరికీ నమస్కారం. గేమింగ్ క్లబ్ పిల్లలు ఫోన్ చేసి, "అన్నా, పాత వార్‌క్రాఫ్ట్ 3 మ్యాపులు మా ల్యాన్‌లో లోడ్ కావట్లేదు, వచ్చి చెప్పవా" అంటే నవ్వొచ్చింది. మ్యాప్ అంటే ఆట జరిగే చోటూ, దాని నియమాలూ కలిపి ఉన్న ఫైల్. ల్యాన్ అంటే దగ్గర్లోని కంప్యూటర్లను కలిపే నెట్‌వర్క్. మా హాస్టల్లో డోటా అనే వార్‌క్రాఫ్ట్ మ్యాప్ ఆడిన రోజుల్లోనూ ఇదే గొడవ. ఆట గంటసేపైతే, మ్యాప్ తెరిపించడానికి ఇంకో గంట.

అప్పట్లో మ్యాప్ రాకపోతే గేమ్ మొత్తం తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసేవాళ్లం. ఎలుకలున్నాయని ఇంటికి నిప్పు పెట్టుకోవడమే అది. మ్యాప్ ఎక్కడిదాకా వచ్చి ఆగిందో చూస్తే సగం సంగతి తెలిసిపోతుంది.

లిస్టులోనే కనపడలేదా? ఫైల్ పేరు చివర చూడండి. 2002లో వచ్చిన అసలు గేమ్ మ్యాపులకు డబ్ల్యూ3ఎం అని ఉంటుంది. 2003లో దాని అదనపు భాగం ఫ్రోజెన్ థ్రోన్ వచ్చాక డబ్ల్యూ3ఎక్స్ మొదలైంది. రెండో రకం, ఫ్రోజెన్ థ్రోన్ లేకుండా తెరుచుకోదు. జిప్‌లోంచి బయటికి తీయకుండా మ్యాప్స్ ఫోల్డర్‌లో పడేసి "కనపడట్లేదు" అనేవాళ్లూ ఉంటారు. నేనూ ఆ బాపతే.

లిస్టులో ఉంది, పక్కవాడి గేమ్‌లో చేరితేనే తేడా వస్తోందా? ముందు ఇద్దరి గేమ్ వెర్షన్ ఒకటేనా చూడండి. వెర్షన్ వేరైతే ల్యాన్‌లో అతని గేమే మీకు కనపడదు. ఇంకోటి, పేరు ఒకటే అయినా లోపలి సరుకు వేరు కావచ్చు. పేరొక్కటే చూసి గేమ్ ఊరుకోదు, ఫైల్‌నే సరిపోల్చుకుంటుంది. మా రూమ్మేట్ ఒకడు మ్యాప్‌లో ఏదో సరదాగా మార్చి, పాత పేరుతోనే సేవ్ చేశాడు. ఆ రాత్రంతా అందరం వైర్లు పీకి పెట్టుకుంటూ కూర్చున్నాం. ఒకే పెన్‌డ్రైవ్ నుంచి అందరూ కాపీ చేసుకుంటే ఐదు నిమిషాల పని.

అసలు కష్టం మూడోది. అందరూ చేరారు, స్టార్ట్ నొక్కారు, లోడింగ్ మొదలై మళ్లీ వెనక్కి, ఆటకు ముందు అందరూ చేరే లాబీలోకే వచ్చి పడ్డారు. ఇది సాధారణంగా స్క్రిప్ట్ తప్పు. వార్‌క్రాఫ్ట్ మ్యాపుల లోపల జాస్ అనే భాషలో రాసిన కోడ్ ఉంటుంది. ఒక ఫంక్షన్‌లో, అంటే ఒక పని చేసే కోడ్ ముక్కలో, రెండు రిటర్న్‌లు (ఫలితాన్ని తిరిగిచ్చే లైన్లు) ఉంటే, సరైన రకం విలువేనా అని పాత వెర్షన్లు చివరిదాన్ని మాత్రమే సరిచూసేవి. మ్యాపులు చేసేవాళ్లు ఈ కన్నాన్ని తెలివిగా వాడుకుని, ఆటలోని వస్తువులను అంకెలుగా మార్చి దాచుకునేవాళ్లు. దాన్నే రిటర్న్ బగ్ అన్నారు. అదే కన్నంలోంచి హానికరమైన కోడ్ కూడా దూరే వీలుందని తేలడంతో 2009లో 1.24 ప్యాచ్‌తో మూసేశారు. బదులుగా, అలా విలువలు దాచుకోవడానికి హ్యాష్ టేబుల్స్ ఇచ్చారు. ఆ దెబ్బకి, తిరగరాయని పాత మ్యాపులెన్నో మూలనపడ్డాయి. అలాంటి మ్యాప్‌కి మీ నెట్‌వర్క్ ఎంత బాగున్నా లాభం లేదు. కొత్త కాపీ వెతుక్కోవాలి, లేదా పాత వెర్షన్‌లో ఆడుకోవాలి.

మ్యాపులు తయారుచేసే వరల్డ్ ఎడిటర్‌లో తెరిచి చూడొచ్చు కదా అంటారు. తెరుచుకుంటే మంచిదే, తప్పు ఏ లైన్లో ఉందో అదే చూపిస్తుంది. కానీ చాలామంది కోడ్ ఎవరూ కొట్టేయకుండా మ్యాప్‌కి తాళం వేసేస్తారు. వాటిని ఎడిటర్ తెరవలేదు.

సరే, మీరు తెచ్చిన మ్యాప్ ఆ పెన్‌డ్రైవ్‌లో ఉందన్నారుగా, ఇలా ఇవ్వండి. ల్యాన్ వైర్ తీసేసి, ముందు సింగిల్ ప్లేయర్‌లో పెడదాం. అక్కడ తెరుచుకుంటే, మీ వెర్షన్లూ కాపీలూ చూద్దాం.