చిరుత ఆర్కిడ్: మన ఎండలో హాయిగా పెరిగే ఆఫ్రికా మొక్క

నమస్కారం. ఈ రోజు మనం కుండీ మార్చబోయే మొక్క పేరు అన్సేలియా ఆఫ్రికానా. పసుపు రేకుల మీద ముదురు గోధుమ మచ్చలు ఉంటాయి కనుక దీన్ని చిరుత ఆర్కిడ్ అంటారు. ఆర్కిడ్ అనగానే చల్లని కొండలు, గాజు గదులు గుర్తొస్తాయి. ఇది ఆ కోవలోది కాదు. పశ్చిమ ఆఫ్రికా నుంచి కెన్యా వరకూ, అక్కడి నుంచి దక్షిణాన, దక్షిణాఫ్రికా దేశంలోని క్వాజులు-నటాల్ రాష్ట్రం దాకా, ఎండ బాగా తగిలే చెట్ల కొమ్మల మీద పెరుగుతుంది. 1841లో నైజర్ నదీయాత్రకు వెళ్లిన బ్రిటిష్ బృందంలోని తోటమాలి జాన్ అన్సెల్ పేరే దీనికి పెట్టారు.

వేర్లను దగ్గరగా చూపిస్తాను, చూడండి. కింద లావుగా ఉన్నవి చెట్టును పట్టుకునే వేర్లు. వాటి పైన సన్నగా, తెల్లగా, సూదుల్లా ఆకాశం వైపు నిలబడినవి కనిపిస్తున్నాయా? ఇవి ఎండిపోయిన వేర్లు కావు, దయచేసి కత్తిరించకండి. అడవిలో రాలిన ఆకులు, పుల్లలు వీటి మధ్య చిక్కుకుని కుళ్లుతాయి. కొమ్మ మీద మట్టి ఉండదు కాబట్టి మొక్క తన ఎరువును ఇలా తానే పోగుచేసుకుంటుంది. నాకు ఈ మొక్కలో పువ్వు కంటే ముందు నచ్చింది ఈ వేర్లే.

ఇక కుండీ. అడుగున, పక్కల రంధ్రాలున్న బరువైన మట్టి కుండీ తీసుకోండి. దీని కాడలు చెరకు గడల్లా రెండడుగుల ఎత్తు వరకు పెరుగుతాయి, తేలికైన ప్లాస్టిక్ కుండీ అయితే పడిపోతుంది. అందులోకి బొగ్గు ముక్కలు, ఇటుక ముక్కలు, దొరికితే పైన్ బెరడు, అన్నీ నిమ్మకాయంత పెద్దవి. మట్టి వద్దు. కొబ్బరి పొట్టు కూడా వద్దు, వానాకాలంలో అది రోజుల తరబడి తడిగా ఉండి వేర్లను కుళ్లబెడుతుంది. మొక్కను నిలబెట్టి, కాడల మొదలు పైకి కనిపించేలా ముక్కలు సర్దండి. పైకి నిలిచిన వేర్లను కప్పేయకూడదు. కదలకుండా ఒక కర్రకు కట్టండి. కుండీ మార్చడానికి సరైన సమయం కొత్త పిలక బయటికి వస్తున్నప్పుడే, ఎందుకంటే కొత్త వేర్లు కూడా అప్పుడే మొదలవుతాయి.

వెలుతురు ఎంత ఉండాలో ఆకులే చెబుతాయి. లేత పసుపు కలిసిన పచ్చదనం ఉంటే సరిపోయినట్టు. ముదురు ఆకుపచ్చగా మారి వాలిపోతుంటే నీడ ఎక్కువైనట్టు, అలాంటి మొక్క పూయదు. ఉదయపు ఎండ నేరుగా తగలనివ్వండి. ఏప్రిల్, మే మధ్యాహ్నాల్లో మాత్రం షేడ్ నెట్ తప్పనిసరి.

నీళ్ల దగ్గరే ఎక్కువమంది ఈ మొక్కను పోగొట్టుకుంటారు, కాబట్టి ఇది కాస్త నిదానంగా చెబుతాను. పిలక పెరుగుతున్నంత కాలం ధారాళంగా పోయండి, ఎండ కాలంలో రోజూ పోసినా తప్పులేదు. వారానికి ఒకసారి 19:19:19 ఎరువు (నత్రజని, భాస్వరం, పొటాష్ సమపాళ్లలో ఉండేది) లీటరు నీటికి అర గ్రాము కలిపి ఇవ్వండి. లేత పిలక గొట్టంలా ఉంటుంది, అందులో నీళ్లు నిలిస్తే కుళ్లుతుంది, అందుకే ముసురు పట్టినప్పుడు కుండీని చూరు కిందికి మార్చండి. కాడ పూర్తిగా లావెక్కి, చివరి ఆకు విచ్చుకున్నాక నీళ్లు తగ్గించాలి. దక్షిణ ఆఫ్రికాలో ఇది పెరిగే చోట్ల చలికాలమంటే వానలు లేని కాలం, మొక్క అప్పుడు విశ్రాంతి తీసుకుంటుంది. మన దగ్గరా డిసెంబరు, జనవరి పొడిగానే ఉంటాయి కదా, ఆ అలవాటును అలాగే సాగనివ్వండి. పది పదిహేను రోజులకొకసారి తడిపితే చాలు. కాడల మీద సన్నని ముడతలు కనిపించినా కంగారుపడి నీళ్లు గుమ్మరించకండి. ఈ విశ్రాంతి దొరకని మొక్క ఆకులు వేస్తుంది కానీ పూగుత్తి వేయదు. ఆదిలాబాద్ వైపు ఉష్ణోగ్రత 10 డిగ్రీల కంటే తగ్గే రాత్రుల్లో కుండీని లోపల పెట్టండి.

కొనేటప్పుడు ఒక మాట అడగండి: మొక్క విత్తనం నుంచి పెంచినదా, అడవి నుంచి తెచ్చినదా? ఆఫ్రికాలో చెట్లు నరికి మరీ ఈ మొక్కలను అమ్ముకుంటున్నారు, నాటు వైద్యానికీ తీస్తున్నారు. ముప్పులో ఉన్న జాతుల జాబితాలోకి ఇది ఇప్పటికే చేరింది. సరైన జవాబు రాకపోతే వదిలేయండి. నర్సరీ మొక్క చిన్నదే కావచ్చు, కానీ దాని వేర్లు చెక్కుచెదరకుండా ఉంటాయి, త్వరగా కుదురుకుంటుంది.

పూలు వాడాక, ఆకులు రాలిన పాత కాడలను కోయాలనిపిస్తుంది. కోయకండి. కొత్త పిలకకు కావలసిన నీరు, ఆహారం వాటిలోనే దాచి ఉంటాయి. కాడ గోధుమ రంగుకు తిరిగి, నొక్కితే మెత్తగా లోపలికి పోతుంటే మాత్రం మంట మీద కాల్చిన కత్తితో కోసి, కోసిన చోట దాల్చిన చెక్క పొడి అద్దండి.