96 నిమిషాలు, ఒకే షాట్: సోనీ ఎఫ్900 కెమెరా కథ

[తెర మీద: ఫిల్మ్ కెమెరా మ్యాగజీన్ మూత తెరుస్తున్న చేతులు]

పాత షూటింగ్ ఫొటోల్లో కెమెరా నెత్తిన రెండు చెవుల్లా ఉబ్బెత్తుగా ఒక డబ్బా కనిపిస్తుంది చూడండి, దాన్ని మ్యాగజీన్ అంటారు. ఫిల్మ్ రోల్ ఉండేది అందులోనే. పెద్ద రోల్ అంటే 1000 అడుగులు. 35 ఎంఎం ఫిల్మ్‌లో అడుగుకి 16 ఫ్రేములు పడతాయి, సెకనుకి 24 ఫ్రేములు తిరగాలి. అంటే నిమిషానికి 90 అడుగులు. 11 నిమిషాలకి రోల్ ఖాళీ. నటుడు కన్నీళ్ళు పెట్టుకుని అద్భుతంగా చేస్తున్నా సరే, ఆపాల్సిందే.

1948లో హాలీవుడ్ దర్శకుడు హిచ్‌కాక్ ‘రోప్’ సినిమా మొత్తం ఆగకుండా సాగినట్టు కనిపించాలనుకున్నాడు. రోల్ అయిపోయే చోట్ల కొన్నిసార్లు కెమెరాని ఒక పాత్ర వీపు దాకా తీసుకెళ్ళి, తెర చీకటయ్యాక, ఆ చీకట్లో అతుకు వేశాడు. అంతటివాడికీ ఆ డబ్బా దాటి వెళ్ళే దారి లేదు.

ఆ దారి తెరిచిన కెమెరా సోనీ హెచ్‌డీడబ్ల్యూ-ఎఫ్900.

[తెర మీద: ఎఫ్900, పక్క నుంచి]

చూడ్డానికి న్యూస్ ఛానల్ వాళ్ళు భుజాన మోసే కెమెరాలాగే ఉంటుంది. లెన్సులోంచి వచ్చిన వెలుగుని లోపల ఒక గాజు ప్రిజం ఎరుపు, ఆకుపచ్చ, నీలం రంగులుగా విడగొడుతుంది. ఒక్కో రంగుకి ఒక్కో సీసీడీ చిప్ (వెలుగుని బొమ్మగా మార్చే చిప్), మొత్తం మూడు. ఇదీ టీవీ కెమెరాల్లో ఉన్నదే. దీని గొప్పతనం 24 అనే అంకెలో ఉంది.

అప్పటి టీవీ కెమెరా ఒక బొమ్మని రెండు వాయిదాల్లో తీసేది. ముందు బేసి గీతలు, తర్వాత సరి గీతలు. ఆ రెండు వాయిదాల మధ్య మనిషి చెయ్యి కాస్త కదిలిపోతుంది. టీవీలో తెలియదు కానీ, పెద్ద తెర మీదికి తెస్తే అంచులు దువ్వెన పళ్ళలా చీలిపోతాయి. వీడియోలో తీసింది ‘సీరియల్‌లా ఉంది’ అనిపించడానికి ఒక కారణం ఇదే. ఎఫ్900 సెకనుకి 24 పూర్తి బొమ్మలు తీసింది, ఒక్కోటీ ఒకే దఫాలో, అచ్చం ఫిల్మ్ కెమెరా లాగా. వీడియో కదలిక సినిమా కదలికలా కనిపించింది.

2000 జూన్‌లో జార్జ్ లూకాస్ సిడ్నీలో ‘స్టార్ వార్స్’ రెండో ఎపిసోడ్‌ని పానావిజన్ లెన్సులు బిగించిన ఈ కెమెరాతోనే మొదలుపెట్టాడు. అది 2002 మేలో విడుదలయ్యేలోపే, 2001లో ఫ్రాన్స్‌లో ‘విడాక్’ అనే సినిమా ఇదే కెమెరాతో తీసి థియేటర్లకి వచ్చేసింది.

మరి బొమ్మ ఎలా ఉండేది? నా మటుకు నాకు, ఆ రోజుల్లో ఫిల్మే మేలు. చిప్ ఇచ్చే బొమ్మ 1920 బై 1080 చుక్కలు, అంటే పిక్సెళ్ళు. టేపు మీద రాసేటప్పుడు దాన్ని అడ్డంగా 1440కి కుదించి, రంగుల వివరం ఇంకా తగ్గించి రాసేది. ఎండ పడుతున్న కిటికీ ఫ్రేములోకి వస్తే అక్కడ తెల్లటి మచ్చే మిగిలేది. ఫిల్మ్ అయితే ఆ వెలుగుని కొంతైనా దాచుకుంటుంది. అందుకే ‘ఫిల్మ్‌ని మించిన క్వాలిటీ’ అని ఈ కెమెరాని పొగిడే మాటలతో నేను ఏకీభవించను. దీన్ని నేను ప్రేమించేది ఇంకో సినిమా వల్ల.

[తెర మీద: సెయింట్ పీటర్స్‌బర్గ్, వింటర్ ప్యాలెస్, మంచు]

2001 డిసెంబర్ 23. రష్యా దర్శకుడు అలెగ్జాండర్ సొకురోవ్. ఒకప్పుడు జార్ చక్రవర్తులు ఉన్న రాజభవనం, ఇప్పుడు హెర్మిటాజ్ మ్యూజియం. 33 గదుల గుండా, సుమారు 300 ఏళ్ళ రష్యా చరిత్ర గుండా, ఒక్క కట్ కూడా లేకుండా నడిచే సినిమా. పేరు ‘రష్యన్ ఆర్క్’. రెండు వేల మంది నటులు, జూనియర్ ఆర్టిస్టులు. మ్యూజియంని మూసి ఇచ్చింది ఒక్క రోజే. అక్కడ డిసెంబర్‌లో పొద్దున పదింటికి గానీ సూర్యుడు రాడు, నాలుగు కొట్టకముందే వెళ్ళిపోతాడు. తప్పు జరిగితే రేపు చూద్దాం అనడానికి వీల్లేదు.

ఎఫ్900 టేపు కూడా 24 ఫ్రేముల వేగంలో 50 నిమిషాలకి మించి రాదు. 11 నిమిషాలతో పోలిస్తే చాలా ఎక్కువే, అయినా చాలదు. అందుకని టేపునే పక్కన పెట్టేశారు. కుదించకముందు బొమ్మ ఎలా ఉందో అలాగే, కేబుల్ ద్వారా ఒక హార్డ్ డిస్క్‌లోకి పంపారు. అందులో 100 నిమిషాలు పడుతుంది. కేబుల్‌తో ముడిపడిన ఆ డిస్క్ కూడా కెమెరా వెంటే గది గదికీ నడవాలి.

కెమెరా మోసింది జర్మనీకి చెందిన టిల్‌మాన్ బ్యుట్నర్. స్టెడీక్యామ్ జీను ఒంటికి బిగించుకుని, దాదాపు 35 కిలోల బరువుతో నడవాలి. స్టెడీక్యామ్ మనిషి నడకలోని కుదుపుని స్ప్రింగులతో మింగేస్తుంది కానీ, బరువుని మింగదు. అదంతా నడుము మీదే పడుతుంది. మామూలు షూటింగ్‌లో షాట్ అవగానే కెమెరాని స్టాండుకి తగిలించి ఊపిరి తీసుకుంటారు. ఇక్కడ ఆ అవకాశం లేదు.

మొదలుపెట్టారు. ఆగిపోయింది. మళ్ళీ మొదలుపెట్టారు, మళ్ళీ ఆగింది. మూడోసారీ అంతే. బయట వెలుగు తగ్గుతోంది. నాలుగోసారి కెమెరా కదిలింది, ఇక ఆగలేదు. గంటన్నర దాటి, సినిమా నిడివి 96 నిమిషాలు. ఆ చివరి ప్రయత్నంలో ఆ మనుషులు పడిన టెన్షన్ తలుచుకుంటే ఇప్పటికీ నా అరచేతులు చల్లబడతాయి.

చిన్న చిప్ ఇక్కడ ఒక మేలు కూడా చేసింది. 35 ఎంఎం ఫ్రేము కంటే ఆ చిప్ సగానికన్నా చిన్నది, కాబట్టి వెనకున్నవి అంత సులువుగా మసకబారవు. ముందు నడిచే మనిషితో పాటు గోడ మీది పెయింటింగ్ కూడా స్పష్టంగా కనిపిస్తుంది. మ్యూజియంలో తిరిగే సినిమాకి కావాల్సింది అదే కదా.

2002 మేలో ఈ సినిమా కాన్ చిత్రోత్సవంలో పోటీకి వెళ్ళింది. అప్పటికి చాలా థియేటర్లలో డిజిటల్ ప్రొజెక్టర్లు లేవు కాబట్టి 35 ఎంఎం ప్రింట్లు వేయాల్సి వచ్చింది. ఆగకుండా తీసిన ఆ షాట్‌ని ప్రింటు కోసం 2000 అడుగుల రీళ్ళుగా ముక్కలు చేయక తప్పలేదు. 96 నిమిషాలంటే కనీసం ఐదు రీళ్ళు.

[తెర మీద: మెట్ల మీంచి దిగుతున్న జనం]

సినిమా దొరికితే చివరిదాకా చూడండి. నాట్యం అయిపోయింది, వందల మంది అతిథులు పాలరాతి మెట్ల మీంచి దిగి వెళ్ళిపోతున్నారు. కెమెరా వాళ్ళ మధ్యలోంచే దిగుతుంది. బ్యుట్నర్ అక్కడికి చేరేసరికి 35 కిలోలు మోస్తూ గంటన్నర అయింది. ఫ్రేము అంచుల్ని గమనించండి, ఎక్కడైనా వణుకు కనిపిస్తుందేమో.