బొమ్మ కాదు, ఘాట్ రోడ్డు చూడండి

హాయ్ అందరికీ, ఒడిశాలో కోరాపుట్ దగ్గర సునాబెడ నుంచి మాట్లాడుతున్నా. ఫైటర్ విమానాల గేముల గురించి ఎప్పుడు వీడియో పెట్టినా కింద ఒకటే కామెంటు, "అప్పుడు గీతలు, ఇప్పుడు ఫొటోలా ఉంది, అంతే కదా అన్నా" అని. అంతే కాదు! వింటే నాకు ఒళ్ళు మండుతాది, అందుకే ఇవాళ గ్రాఫిక్స్ సంగతి పక్కన పెట్టేద్దాం.

సాలూరు నుంచి కోరాపుట్ వచ్చే బస్సు ఎక్కుంటారు కదా. ఘాట్ మొదలవ్వకముందే డ్రైవరు స్పీడు అందుకుంటాడు, ఎక్కుతుంటే ఆ స్పీడు కరిగిపోతాది, మలుపులో ఇంకొంచెం పోతాది, దిగేటప్పుడు మళ్ళీ వచ్చేస్తాది. డాగ్‌ఫైట్, అంటే ఆకాశంలో ఫైటర్ విమానాలు ఒకదాని వెనక ఒకటి పడి కొట్టుకోడం, అచ్చం ఇదే. ఎత్తు ఇచ్చి స్పీడు తీసుకోడం, స్పీడు ఇచ్చి ఎత్తు తీసుకోడం, గట్టిగా తిప్పితే రెండూ పోగొట్టుకోడం. కంప్యూటర్‌కి ఈ లెక్క ఎలా వచ్చిందన్నదే అసలు కథ.

1980లో యాపిల్ 2 అనే కంప్యూటర్ మీద బ్రూస్ ఆర్ట్‌విక్ చేసిన ఫ్లైట్ సిమ్యులేటర్‌లో నేలంటే గీతలే, అయినా మొదటి ప్రపంచ యుద్ధం నాటి ఫైట్ అందులోనే ఉంది. తర్వాత 1991లో ఫాల్కన్ 3.0 అనే గేము, ఇది నాకు ప్రాణం. ఎందుకంటే అందులో ఎఫ్-16 ఫైటర్ విమానం నిజంలా ఎగిరే మోడ్ కావాలంటే మ్యాథ్ కోప్రాసెసర్ అని ఇంకో చిప్ ఉండాలి, బొమ్మ కోసం కాదు, లెక్కల కోసం! అంటే బస్సుకి కొత్త రంగు వెయ్యలేదు, ఘాట్ తెలిసిన డ్రైవర్ని కూర్చోబెట్టారు.

1998లో ఫాల్కన్ 4.0. కొరియాలో యుద్ధం, మనం ఎగిరినా ఎగరకపోయినా అది నడుస్తానే ఉంటాది. మనం ఇంట్లో పడుకున్నా ఘాట్ మీద లారీలు తిరగట్లేదా, అలాగ. మనం బ్రిడ్జి కూల్చేస్తే రిపేరు అయ్యేదాకా అటు వచ్చే ట్యాంకులకి దారి కష్టమే. నన్నడిగితే ఇప్పటి గేముల్లో చాలావాటికి ఇంకా ఇది చేతకాలేదు.

టైం అయిపోతోంది, గబగబా చెప్పేస్తా. 1995లో సుఖోయ్-27తో ఫ్లాంకర్, 2001లో ప్రొపెల్లర్ విమానాలతో ఐఎల్-2 స్టుర్మోవిక్, 2008లో హెలికాప్టర్‌తో డీసీఎస్ బ్లాక్ షార్క్, 2011లో అదే డీసీఎస్ వరసలో ఏ-10సీ అనే యుద్ధ విమానం గేము, ఇందులో కాక్‌పిట్ స్విచ్చులు ఒక్కోటీ మౌస్‌తో నొక్కి ఇంజన్ స్టార్ట్ చెయ్యొచ్చు. ఆ సుఖోయ్-27 ఇంజన్‌కి తమ్ముడిలాంటిదే మన సునాబెడ హెచ్ఏఎల్ (హిందుస్తాన్ ఏరోనాటిక్స్) ఫ్యాక్టరీలో సుఖోయ్-30 కోసం చేసే ఏఎల్-31ఎఫ్‌పీ, కాబట్టి ఫ్లాంకర్‌కి విడిగా వీడియో చేస్తా. ఈలోగా మీ గేములో విమానాన్ని నిట్టనిలువుగా ఎక్కించి, స్పీడు ముల్లు ఎలా పడుతుందో చూసి కింద రాయండి.