సొసైటీ ఉద్యోగి కేసు ఓడిపోయేది ఎక్కడో తెలుసా?

నమస్తే అండీ. ఒక మాట గట్టిగా చెప్తాను, ఎవరికి కోపం వచ్చినా సరే. మన డెల్టాలో సహకార సొసైటీ ఉద్యోగి కేసు ఓడిపోయేది తప్పు చేసి కాదు. వెళ్లకూడని కోర్టుకు వెళ్లి!

సంగతి మీకు తెలిసిందే. బినామీ అప్పులనో, ఎరువుల స్టాకు తేడా అనో గుమస్తాను పట్టుకుంటారు. అప్పు మంజూరు చేసిన కమిటీ పెద్దలు దర్జాగా తిరుగుతారు. దాళ్వా ధాన్యం కొనేటప్పుడు గోనె సంచుల లెక్కా ఆయనే చూడాలి, యూరియా లెక్కా ఆయనే చూడాలి, రైతుల తిట్లూ ఆయనే తినాలి. చివరికి సస్పెన్షన్, ఎంక్వయిరీ, డిస్మిస్! పాపం ఇంట్లో బంగారం తాకట్టు పెట్టి హైకోర్టులో రిట్ వేస్తాడు, అంటే ప్రభుత్వం లాంటి సంస్థల మీద నేరుగా వేసే పిటిషన్.

ఎందుకండీ రిట్? 1990లో మన హైకోర్టు ఫుల్ బెంచ్ (ఎక్కువమంది జడ్జీలు కలిసి కూర్చునే బెంచ్) ఏం చెప్పింది? అది ఎక్కడిదో కేసు కాదు, అమలాపురం శ్రీ కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసు! సొసైటీ అయినంత మాత్రాన ప్రభుత్వం కాదు, బైలా (సొసైటీ సొంత నిబంధనలు) కింద ఉద్యోగం ఒప్పందం లాంటిదే, దాని కోసం రిట్ కుదరదు అని చెప్పింది. సొసైటీ చట్టాన్నే మీరితే అది వేరే సంగతి. కోనసీమ పేరుతో ఉన్న తీర్పు కోనసీమ వాళ్లకే తెలియకపోతే ఎలా?

పోనీ సహకార సంఘాల రిజిస్ట్రార్ దగ్గరికి వెళ్దామా? 1964 సహకార చట్టం 61వ సెక్షన్ చూడండి. సొసైటీ వివాదాలు అక్కడికి తెమ్మంటూనే, జీతం తీసుకునే ఉద్యోగి మీద క్రమశిక్షణ చర్యను మాత్రం పక్కన పెట్టేసింది.

మరి దారి? లేబర్ కోర్టు! (2025 నవంబరులో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది, దాని కింద ఈ పని పారిశ్రామిక ట్రిబ్యునల్‌ది.) మన రాష్ట్ర సహకార కేంద్ర బ్యాంకుల కేసులోనే 1969లో సుప్రీంకోర్టు ఉద్యోగుల సర్వీసు వివాదాలకు పారిశ్రామిక ట్రిబ్యునల్ దారి తెరిచే ఉందని తేల్చింది. శిక్ష మరీ ఎక్కువైతే తగ్గించే అధికారం కూడా లేబర్ కోర్టుకు 1971 సవరణతో వచ్చింది. అదే రిట్‌లో అయితే శిక్ష చూసి జడ్జిగారు ఉలిక్కిపడాలి, అప్పుడు గానీ దాన్ని ముట్టుకోరు.

ఇంకో మెలిక. అదే గొడవలో సహకార చట్టం 51వ సెక్షన్ ఎంక్వయిరీ వేసి, 60వ సెక్షన్ కింద సర్‌ఛార్జి, అంటే సొసైటీకి వచ్చిన నష్టం కట్టమంటారు. దాని మీద అప్పీలు కోఆపరేటివ్ ట్రిబ్యునల్‌కు. డిస్మిస్, సర్‌ఛార్జి రెండూ ఒకే పిటిషన్లో కుక్కారా, మునిగారు!

ఈ గందరగోళమే యాజమాన్యాల అసలు ఆయుధం అని నా గట్టి నమ్మకం. ఉద్యోగి తప్పు చేశాడని వాళ్లు నిరూపించక్కర్లేదు. 'ఈ కేసు ఇక్కడ చెల్లదు' అంటే చాలు, ఏళ్లు గడిచిపోతాయి, రిటైర్మెంట్ వయసు వచ్చేస్తుంది. ఎంత అన్యాయం!

ఎంక్వయిరీ ఆఫీసర్ రిపోర్టు కాపీ శిక్షకు ముందే ఇవ్వాలని 1993లో సుప్రీంకోర్టు చెప్పింది, అదీ మన హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులోనే. మీకు ఇచ్చారా? ఇవ్వకపోతే దానివల్ల మీకు ఏం నష్టం జరిగిందో కాగితం మీద పెట్టి, ఆ కాగితంతో లేబర్ కోర్టుకో, పారిశ్రామిక ట్రిబ్యునల్‌కో వెళ్లండి.