మితేరి వంతెన మీద ఆగిన లారీలు

శ్రోతలందరికీ నమస్కారం.

బీహార్‌లోని రక్సౌల్ దగ్గర సిర్సియా అని ఒక చిన్న నది ఉంది. దాని మీద వంతెన దాటితే నేపాల్. అవతలి ఊరు బీర్‌గంజ్. ఆ వంతెనను మితేరి పుల్ అంటారు. మితేరి అంటే నేపాలీలో పూజ చేసి, కానుకలు ఇచ్చిపుచ్చుకుని కలుపుకునే స్నేహం. ఒకసారి అలా కలుపుకున్నాక రెండు ఇళ్ల పిల్లలూ అన్నదమ్ములు, అక్కచెల్లెళ్ల కిందే లెక్క. వాళ్ల మధ్య పెళ్లిళ్లు కూడా చేయరు.

భారత్, నేపాల్ వ్యాపారం అనగానే నాకు ఆ వంతెనే గుర్తొస్తుంది. నేపాల్‌కు సముద్రం లేదు. పెట్రోలు, డీజిలు, వంటగ్యాస్ మన దేశం నుంచే వెళ్లాలి. విదేశీ సరుకులో ఎక్కువ భాగం కోల్‌కతా రేవులో దిగి ఇటు నుంచే పోవాలి. మనుషుల రాకపోకలకు వీసా అక్కర్లేదు. మన వంద రూపాయలకు వాళ్ల నూట అరవై. 1993 నుంచి ఆ లెక్క మారలేదు.

2015 ఏప్రిల్ 25న నేపాల్‌లో భూకంపం వచ్చి దాదాపు తొమ్మిది వేల మంది చనిపోయారు. సెప్టెంబరు 20న కొత్త రాజ్యాంగం అమల్లోకి వచ్చింది. అందులో తమకు అన్యాయం జరిగిందని మైదాన ప్రాంతపు మధేశీలు ఆందోళనకు దిగి, ఆ వంతెన మీదే బైఠాయించారు. లారీలు ఆగిపోయాయి. ఇది భారత్ పెట్టిన దిగ్బంధం అని నేపాల్ అంది. మేమేమీ ఆపలేదు, అవతలి గొడవలకు భయపడి డ్రైవర్లు వెళ్లడం లేదని మన ప్రభుత్వం చెప్పింది. ఫిబ్రవరి దాకా అదే పరిస్థితి.

ఆ చలికాలంలో కాఠ్మాండూలో 14.2 కిలోల సిలిండర్‌లో సగమే, అంటే 7.1 కిలోల గ్యాసే నింపి ఇచ్చారు. దానికీ పెద్ద క్యూలు. అది కూడా దొరకని వాళ్లు కట్టెల పొయ్యి రాజేసుకున్నారు. ఇల్లు కూలి టార్పాలిన్ కింద బతుకుతున్నవాళ్లు ఇంకా ఉన్న రోజులవి. తప్పెవరిదైనా, సగం సిలిండర్ మోసుకెళ్లిన ఇల్లాలికి ఆ వాదనతో పనేముంది? పైగా 1989లో, వాణిజ్య, రవాణా ఒప్పందాల గడువు తీరినప్పుడు, మనం రెండు దారులు మాత్రం ఉంచి మిగతావన్నీ మూసేశాం. పెద్దవాళ్లకు అది ఇంకా గుర్తే. 2016 మార్చిలో నేపాల్ చైనాతో రవాణా ఒప్పందం చేసుకుంది. హిమాలయాలు దాటి సరుకు తెచ్చుకోవడం ఎంత కష్టమో తెలిసే చేసుకుంది. ఆ భయాన్ని మనం అర్థం చేసుకోవాలి. తలుపు మన చేతిలో ఉంది కాబట్టి బాధ్యతా మనదే ఎక్కువ అని నేను నమ్ముతాను.

మంచి పనులూ జరిగాయి. నేపాల్ సరుకు దింపుకోవడానికి 2016లో మన విశాఖపట్నం రేవు దారి కూడా తెరిచారు. 2019 సెప్టెంబరులో బీహార్‌లోని మోతీహారి నుంచి నేపాల్‌లోని అమ్లేఖ్‌గంజ్‌కు 69 కిలోమీటర్ల డీజిలు పైపులైను ప్రారంభమైంది. ఇప్పుడు డీజిలుకు ఆ వంతెన దాటాల్సిన పని లేదు.

ఇక కరెంటు. చలికాలంలో నదులు తగ్గితే నేపాల్ మన దగ్గర కొనుక్కుంటుంది. వానలకు నదులు నిండితే ఇటు అమ్ముతుంది. 2024 నవంబరులో మొదటిసారి నేపాల్ కరెంటు మన తీగల మీదుగా బంగ్లాదేశ్ దాకా వెళ్లింది.

సెలవు.