ఉలికమ్మకు కోరలు లేవు

సభాధ్యక్షులకు, వేదిక మీది పెద్దలకు, ముందు వరుస వదిలేసి తెలివిగా వెనక కుర్చీలు ఎంచుకున్న మిత్రులకు నమస్కారం. నాకిచ్చిన అంశం ‘కాల్పనిక సాహిత్యంలో దేవతా పాత్రల నిర్మాణం’. పదిహేను నిమిషాలు ఇచ్చారు. బుద్ధిగా రాసుకొచ్చాను కూడా. కానీ లోపలికి వస్తుంటే బయట బల్ల మీద నా పుస్తకం కనిపించింది. దాని ముఖచిత్రం చూశాక ఇక ఈ కాగితాలు చదవబుద్ధి కావడం లేదు.

మీరూ చూసే ఉంటారు. ఎర్రటి కళ్లు, గాలికి లేచిన జుట్టు, గడ్డం దాకా దిగిన రెండు కోరలు. ఆవిడ నా ఉలికమ్మ అట! నేను రాసిన పేజీల్లో ఎక్కడ వెతికినా ఆమెకు కోరలు లేవు. ఎడమ బొటనవేలి గోరు మాత్రం నల్లగా కమిలి ఉంటుంది, సుత్తి తగిలి. చెవి వెనక సుద్దముక్క ఉంటుంది. మోచేతుల దాకా రాతిపొడి. ఇంతే ఆమె భీకర రూపం.

పుస్తకం చదవని వారికి రెండు మాటలు చెప్పాలి. రెప్పచాటు అనేది నేను కల్పించుకున్న లోకం. కన్ను మూయగానే మనిషి చేరే చోటు. అక్కడ పీడకలలు చెక్కే దేవత ఉలికమ్మ. ఒక రాత్రి ‘ఉలికిపాటు’ అనే మాటలో ఉలి కనిపించింది. వ్యాకరణవేత్తలు ఒప్పుకోరు, నాకు తెలుసు. వారి అనుమతి కోసం ఆగి ఉంటే నాకు దేవత దొరికేది కాదు.

ఆమెకు ఒకటే కట్టుబాటు. రాయి ఆమె తేకూడదు. పగలంతా మనిషి మోసి, నిద్రలోకి జారేటప్పుడు గుమ్మంలో దించిన రాయినే చెక్కాలి. ఇది నా సొంత గొప్ప కాదు. కలలో రథాలు లేవు, రథాలకు కట్టేవి లేవు, దారులు లేవు, వాటిని అతడే సృష్టించుకుంటాడు, ‘స హి కర్తా’ అని బృహదారణ్యకోపనిషత్తు ఎప్పుడో చెప్పింది. కర్త కలగనేవాడే. మరి ఉలికమ్మ పనేమిటి అంటారా? పనితనం. అదే ఆమె పని.

కలలో ఎవరో తరుముతుంటే కాళ్లు కదలవు, గుర్తుందా? నిద్రలో కళ్లు వేగంగా కదిలే దశ ఒకటుందని నిద్ర మీద పరిశోధన చేసిన అసెరిన్‌స్కీ, క్లైట్‌మన్ 1953లో ప్రకటించారు. ఆ దశలో మెదడు ఒంటి కండరాలను దాదాపు కట్టేస్తుంది. లేకపోతే కలలో పరిగెత్తేవాడు మంచం దిగి గోడకు గుద్దుకుంటాడు. నా కథలో ఉలికమ్మ పని మొదలుపెట్టే ముందు నిద్రపోయేవాడి చీలమండలను మెత్తటి గుడ్డతో కడుతుంది. రాత్రి గడిచేకొద్దీ ఆ దశ నిడివి పెరుగుతుంది కాబట్టి పీడకలలు ఎక్కువగా తెల్లవారే వైపే వస్తాయి. ఆమెకేమో అప్పటికి సమయం చాలదు. తరిమేవాడికి ముఖం ఎందుకు ఉండదో ఇప్పుడు తెలిసిందా? చెక్కడం పూర్తి కాలేదు, అంతే.

ఇదంతా చదివి ప్రచురణకర్త ఫోను చేశారు. “దేవత బాగుందండీ, కానీ భయం వేయడం లేదు. కోరలు పెడదాం. చివర్లో కథలోని కుర్రాడు ఆమెను చంపేస్తే ఇంకా బాగుంటుంది” అన్నారు. చంపనని చెప్పాను. కోరల సంగతి నాకు చెప్పకుండానే కానిచ్చేశారు.

ఒక్క నిమిషం. కోరలున్న ఆవిడ కలలోకి వచ్చినవారు ఎవరైనా ఉంటే చేతులెత్తండి. ఒకటి, రెండు. ఆ మూడో చెయ్యి ఎవరినో పిలవడానికి లేచింది, లెక్కలోకి రాదు. చూశారా అధ్యక్షా, ఇంత సభలో ఇద్దరు!

నాకు ఏడెనిమిదేళ్ల వయసులో వచ్చిన కల చెబుతాను. తర్వాత చాలా ఏళ్లు అదే వచ్చింది. అమ్మ కిటికీ దగ్గర అటు తిరిగి కూర్చుని బట్టకు బొత్తాం కుడుతోంది. ఎండ పడి సూది మెరుస్తోంది. “అమ్మా” అన్నాను. పంటితో దారం తెంపి ఇటు తిరిగింది. అదే ముఖం, అదే నవ్వు. “ఎవరండీ మీరు? ఎవరి కోసం వచ్చారు?” అంది. కుర్చీ చూపించి “కూర్చోండి” అంది.

ఆ కలలో ఇంకేమీ జరగలేదు. చీకటి లేదు, నెత్తురు లేదు. అమ్మ నాతో ‘అండీ’ అంది. గొంతు పెగలక, చెమటతో లేచేవాణ్ని. పక్కనే పడుకున్న అమ్మ “ఏమైందిరా” అనే దాకా ఊపిరి అందేది కాదు. ‘రా’ కోసం ఎదురుచూసేవాణ్ని. మన భాషలో ఒక్క గౌరవవాచకం చాలు, బిడ్డను అనాథను చేయడానికి. ఆ పనితనం చూడండి! కోరలు అంటారేమిటి?

రామాయణంలో భరతుడి పీడకల గుర్తు చేసుకోండి. మేనమామ ఇంట ఉండగా వచ్చింది. అందులో రాక్షసి ఉంది, కాదనను; మీరు లేచి అడగకముందే ఒప్పుకుంటున్నాను. కానీ మాసిన ఒంటితో, విరబోసుకున్న జుట్టుతో తండ్రి కొండ మీంచి పేడమడుగులో పడి, దోసిళ్లతో నూనె తాగుతూ మాటిమాటికీ నవ్వుతాడు చూడండి, అక్కడ నా ఒళ్లు జలదరిస్తుంది. రాక్షసి దగ్గర కాదు.

అధ్యక్షులు గడియారం చూస్తున్నారు. పాత్రల నిర్మాణం గురించి ఇంకా మొదలే పెట్టలేదని నాకూ తెలుసు. చివరి అధ్యాయం ఒక్కటి చెప్పి దిగిపోతాను.

మళ్లీ మళ్లీ వచ్చే పీడకలలకు వైద్యుల దగ్గర ఒక పద్ధతి ఉంది. మెలకువలో కలను కాగితం మీద పెట్టి, నచ్చినట్టు మార్చి, ఆ మారిన కలను రోజూ కాసేపు మనసులో నడుపుకోవాలి. దాన్నే కథలోకి తెచ్చాను. కుర్రాడు ఉలికమ్మ పనిచోటు వెతుక్కుంటూ వెళతాడు. ఆమె తిట్టదు, శపించదు. చెవి వెనక సుద్దముక్క తీసి రాతి మీద చిన్న గీత గీస్తుంది. ఉలి వాడి చేతికిచ్చి “ఒక్క దెబ్బే” అంటుంది. అమ్మ తనను గుర్తుపట్టేలా చెక్కమని ఆమెను బతిమాలతాడు. “అది నువ్వు తెచ్చిన రాయిలో లేదు” అంటుంది. వాడు చాలాసేపు నిలబడి, ఆ గీత మీదే కొడతాడు.

ఆ తెల్లవారుజామున అదే కిటికీ, అదే సూది. అమ్మ ఇటు తిరిగి వాణ్ని ఎగాదిగా చూసి, “ఎవరురా నువ్వు?” అంటుంది.

రెండో ముద్రణకైనా ఆ ముఖచిత్రం మార్చమని ఉత్తరం రాశాను. ఇంకా జవాబు రాలేదు. నమస్కారం.