పాంథియన్‌లో వెలుగు వెనకాలే జనం

హోస్ట్: రోమ్‌లోని పాంథియన్, అంటే పెద్ద గుమ్మటం ఉన్న ఆ ప్రాచీన కట్టడం మీద డాక్యుమెంటరీ అనగానే అందరూ అడిగేది ఒకటే సార్. జనం లేని షాట్ ఎప్పుడు దొరుకుతుంది?

కెమెరామన్: ఆ షాట్ దొరికినా పోస్ట్‌కార్డేనండీ. గుమ్మటం లోపల అడ్డంగా 43.3 మీటర్లు, నేల నుంచి నడినెత్తిన ఉన్న కన్నం దాకా ఎత్తూ అంతే. కింద మనిషి నిలబడకపోతే ఆ కొలత తెర మీద తెలీదు.

హోస్ట్: మరి దేన్ని పట్టుకోవాలి?

కెమెరామన్: పైనుంచి పడే వెలుగు బిళ్ళని. జూన్ మధ్యాహ్నం అది నేల మీద పడి, నిమిషానికి దాదాపు జానెడు జరుగుతుంది. ఫోటో కోసం అందులో నిలబడ్డవాళ్ళూ దాంతోపాటే జరుగుతుంటారు. డిసెంబరులో వెళ్తే మాత్రం బిళ్ళ కిందికి దిగదు, గుమ్మటం లోపలివైపు గళ్ళ మీదే తిరుగుతుంది.

హోస్ట్: ఏప్రిల్ 21న, అంటే రోమ్ పుట్టినరోజున, మధ్యాహ్నం ఎండ గుమ్మం మీద పడుతుందంటారు. అంటే గడియారంలో సరిగ్గా పన్నెండింటికేనా?

కెమెరామన్: చాలామంది బోల్తాపడేది అక్కడే! అప్పటికి ఇటలీలో గడియారాలు గంట ముందుకు తిప్పేసి ఉంటారు. అసలు మిట్టమధ్యాహ్నం 1:10 దగ్గర వస్తుంది. పన్నెండున్నరకల్లా ఫ్రేమ్ కట్టేసుకోవాలి.

హోస్ట్: టైమ్‌లాప్స్, అంటే గంటల కదలికని సెకన్లలో చూపించే షాట్‌కి సెట్టింగులు చెప్పండి.

కెమెరామన్: 5 సెకన్లకో ఫ్రేమ్. గంటకు 720, అంటే సెకనుకు 25 ఫ్రేముల లెక్కన 29 సెకన్లకు కాస్త తక్కువ వీడియో. లెన్స్‌కి వెలుతురు తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ వేసి షట్టర్ 2 సెకన్లు పెట్టండి. నడిచేవాళ్ళు పొగలా కరిగిపోతారు, తలెత్తి కదలకుండా చూస్తున్నవాళ్ళు మాత్రం స్పష్టంగా మిగులుతారు. నాకైతే సినిమా అంతా ఆ తేడాలోనే ఉందనిపిస్తుంది. ఎక్స్‌పోజర్ వెలుగు బిళ్ళకి కొలిచి, మాన్యువల్‌లో బిగించేయండి. ఆటోలో వదిలితే మబ్బు అడ్డొచ్చిన ప్రతిసారీ గోడలు మినుకుమినుకుమంటాయి. కెమెరా పట్టిన వివరాలన్నీ కుదించకుండా ఉంచే రా ఫార్మాట్‌లో తీస్తే నీడలో ఉన్న గోడల వెలుగు తర్వాత పెంచుకోవచ్చు.

హోస్ట్: ట్రైపాడ్‌ని లోపలికి రానిస్తారా?

కెమెరామన్: ముందే అనుమతి ఉండాలి. టూరిస్టు టికెట్ వేరు, షూటింగ్ అనుమతి వేరు. 2004 నాటి ఇటలీ వారసత్వ చట్టం ప్రకారం వాణిజ్య చిత్రీకరణకు రుసుమూ ఉంటుంది. పైగా పాంథియన్ క్రీ.శ. 609 నుంచీ చర్చి. పూజ వేళలు చూసుకుని షెడ్యూల్ వేసుకోండి.

హోస్ట్: సౌండ్?

కెమెరామన్: అదే అసలు తలనొప్పి. మాట ఆగిపోయినా దాని ప్రతిధ్వని గుమ్మటంలో తిరుగుతూనే ఉంటుంది, ఎక్కడ కట్ చేసినా తోక తెగినట్టు వినిపిస్తుంది. మధ్యమధ్యలో నిశ్శబ్దంగా ఉండమని స్పీకర్లో ప్రకటన. అందుకని ఇంటర్వ్యూ బయట కాలర్ మైక్‌తో తీసుకోండి. లోపల జనం గుసగుసలు మాత్రం రెండు నిమిషాలు ఏకధాటిగా రికార్డు చేసి ఉంచుకుంటే ఎడిటింగ్‌లో అతుకులన్నీ దానికింద దాగిపోతాయి.

హోస్ట్: వానొస్తే ప్యాకప్పేనా?

కెమెరామన్: అస్సలొద్దు! కన్నం మూత లేనిది, వాన సూటిగా లోపలికే పడుతుంది. నేల కొద్దిగా వాలుగా ఉంటుంది, నీళ్ళు పోవడానికి 22 రంధ్రాలున్నాయి. తడి చోటికి తాడు కడితే జనం చుట్టూ వలయంలా నిలబడతారు. కెమెరాని మోకాలి ఎత్తుకు దించండి. తడి పాలరాయిలో వాళ్ళ తలకిందుల ప్రతిబింబాలు, నడుమ పైనుంచి దిగే చినుకులు.